కొండపల్లి పేజీలో ఆరో ఫొటో

ముందే చెబుతున్నాను, నాకు దయ్యాల మీదా జిన్నుల మీదా నమ్మకం లేదు. చిన్నప్పుడు మా నానీ, అంటే అమ్మమ్మ, జిన్నుల కథలు చెబుతుంటే మా అక్కలు దుప్పటి ముసుగు పెట్టేవాళ్లు. నేను మాత్రం "ఆ జిన్ను ఎక్కడుంటుందో చెప్పు, వెళ్లి చూసొస్తా" అని తిట్లు తినేదాన్ని. ఇప్పటికీ అంతే. ఎవరైనా మా ఇంట్లో ఏదో తిరుగుతోందంటే ముందు ఎలకల బోను కొనుక్కోమంటాను.

కాబట్టి ఇది చదివి మీరు నమ్మకపోయినా నేనేమీ అనుకోను. మీ చోట నేనున్నా నమ్మేదాన్ని కాదు.

రెండు వేల సంవత్సరం దాటిన తర్వాత కొన్నేళ్లు గవర్నర్‌పేటలో, ఒక లాడ్జి కింద గదిలో నేనూ మా అన్నయ్యా ఇంటర్నెట్ సెంటర్ నడిపాం. ఆరు కంప్యూటర్లు, ఒక కలర్ ప్రింటర్, ఓ మూల డీటీపీ. పొద్దున అన్నయ్య, మధ్యాహ్నం నుంచి నేను. పరీక్షల రిజల్ట్స్ వచ్చిన రోజు కాలు పెట్టడానికి చోటుండేది కాదు. మిగతా రోజుల్లో పెళ్లి కార్డులు, రెజ్యూమేలు, అప్పుడప్పుడూ ఒక పుస్తకం.

నాకు ముక్కు మీద కోపమని వీధంతా తెలుసు. అయినా నా దగ్గరికే వచ్చేవాళ్లు, ఎందుకంటే పనిలో తప్పు పోనిచ్చేదాన్ని కాదు. పుస్తకాలు రాసేవాళ్లు చివర్లో ఆధారాలంటూ వెబ్‌సైట్ అడ్రసులు ఇచ్చేవాళ్లు. నేను ఒక్కొక్కటీ తెరిచి చూసేదాన్ని. సగం తెరుచుకునేవి కావు. "సార్, మీరు చూపించిన సాక్షి ఊళ్లో లేడు" అని ఫోన్ చేస్తే వాళ్లకి ఒళ్లు మండేది.

సీతారామయ్య గారు మొదటిసారి వచ్చింది ఒక వేసవి మధ్యాహ్నం. కొండపల్లిలో బొమ్మలు చేసే మనిషి. అరవై దాటిన వయసు, గోళ్ల సందుల్లో ఎప్పుడూ ఏదో ఒక రంగు. మా వీధిలో హోల్‌సేల్ షాపుకి బొమ్మలు దించి, మా బోర్డు చూసి లోపలికి వచ్చారు. చేతిలో చిన్న అట్టముక్క, దాని మీద బాల్‌పెన్నుతో రాసిన ఒక వెబ్‌సైట్ అడ్రసు.

"అమ్మాయ్, ఈ అడ్రసులో మా బొమ్మ ఉంటదమ్మా. కాస్త తీసిపెట్టు" అన్నారు.

సంగతేమిటంటే, ఆయన ఒక కొత్త బొమ్మ చేశారు. కృష్ణ దాటించే బల్లకట్టు. దాని మీద గెడ వేసే మనిషి, సైకిల్ పట్టుకుని నిలబడ్డ మనిషి, చేపల గంపతో ఒక ఆడమనిషి, ఆమె పక్కన ఒక మేక. పాతకాలం కొండపల్లి బొమ్మల్లో ఇది లేదు. కొన్నేళ్లుగా ఎగ్జిబిషన్లలో బాగా పోతోంది. ఇప్పుడు వేరే ఊరి పెద్ద షోరూం వాళ్లు, ఆ బొమ్మ తమ డిజైన్ అని మూడేళ్ల కిందటి రిజిస్ట్రేషన్ కాగితం ఒకటి పట్టుకొచ్చి హస్తకళల ఆఫీసులో ఈయన మీద ఫిర్యాదు చేశారు. మూడు వారాల్లో విచారణ. తాను అంతకుముందు నుంచే చేస్తున్నానని ఈయన రుజువు చూపించాలి. చూపించలేకపోతే ఇక ఆ బొమ్మ చేయకూడదు.

"చేస్తే నేనే దొంగనంట" అన్నారు. ఆ మాట అనేటప్పుడు ఆయన నా వంక చూడలేదు.

రుజువు ఎక్కడినుంచి వస్తుంది? బొమ్మల మీద వీళ్లు పేరు రాయరు. పైగా ఆ ఇంట్లో ఒక ఆనవాయితీ ఉంది. కొత్త బొమ్మ ఏది చేసినా మొట్టమొదటిది ఇంట్లో ఉంచుకోకూడదు, అమ్మేయాలి. ఉంచుకుంటే రెండోదానికి చెయ్యి సాగదని వాళ్ల నమ్మకం. అందుకని మొదటి బల్లకట్టు ఎవరింట్లో ఉందో దేవుడికే తెలియాలి.

మిగిలిందల్లా ఆ అట్టముక్క. ఆరేడేళ్ల కిందట కిరణ్ అనే ఇంజనీరింగ్ కుర్రాడు కాలేజీ ప్రాజెక్టు కోసం కొండపల్లి వచ్చి, ఆయన బొమ్మలకి ఫొటోలు తీసి, ఇంటర్నెట్‌లో ఒక పేజీ పెట్టాడు. బొమ్మల పెట్టె అట్ట చింపి అడ్రసు రాసిచ్చాడు. ఈయన దాన్ని దేవుడి పటం వెనక దాచారు.

కొట్టి చూశాను. పేజీ లేదు. ఉచితంగా చోటిచ్చిన ఆ కంపెనీయే మూతపడింది.

"లేకపోవడమేంటమ్మా, అడ్రసు ఉందిగా! నేను ముప్పయ్యేళ్ల నుంచీ అదే అడ్రసులో ఉన్నా" అన్నారు.

నాకు నవ్వొచ్చింది. నెట్‌లో అంతే బాబాయి గారూ, అడ్రసు మిగులుతుంది, ఇల్లు మిగలదు అన్నాను. ఆయన మొహం చూశాక ఎందుకు నవ్వానా అనిపించింది. అట్టముక్కని జేబులో జాగ్రత్తగా పెట్టుకుని లేవబోతుంటే ఆగమన్నాను.

పాత వెబ్ పేజీలకి నకళ్లు తీసి దాచే సైటు ఒకటుంది. డీటీపీ పుస్తకాల కోసం నేను తరచూ వాడేదాన్ని. చచ్చిపోయిన అడ్రసు అందులో ఇస్తే, ఆ పేజీని ఏయే తేదీల్లో దాచారో చూపిస్తుంది. ఇది కూడా దొరికింది. మూడు తేదీలున్నాయి, మూడూ షోరూం కాగితం కంటే మూడు నాలుగేళ్లు ముందువి. పసుపు రంగు మీద ఆకుపచ్చ అక్షరాలు, పైన "కొండపల్లి బొమ్మలు" అని ఇంగ్లీషులో. వరసగా ఏడు ఫొటోల పేర్లు. ఆరో నంబరు దగ్గర "బల్లకట్టు, సీతారామయ్య గారి కొత్త బొమ్మ" అని ఉంది.

కానీ ఫొటోలు లేవు. ఏడు ఖాళీ చదరాలు, ఒక్కోదాంట్లో చిన్న ఎర్ర ఇంటూ గుర్తు. ఇలా జరుగుతూనే ఉంటుంది. ఆ సైటు రాతని దాచుకుంటుంది, బొమ్మల్ని చాలాసార్లు వదిలేస్తుంది.

ఆ రాతనే ప్రింట్ తీసి ఇచ్చాను. ఆఫీసులో చూసి, ఇది చాలదు, ఏ బల్లకట్టో మాకెలా తెలుస్తుంది, ఫొటో కావాలన్నారట. వాళ్లన్నదాంట్లో తప్పేమీ లేదు. కాలేజీలో వాకబు చేసి కిరణ్‌ని పట్టుకున్నాను. బెంగళూరులో ఉద్యోగం. పేజీ తనదేనని, ఫలానా ఏడాది పెట్టానని ఉత్తరం రాసి ఫ్యాక్స్ చేశాడు. ఫొటోల మాటెత్తితే మాత్రం నీళ్లు నమిలాడు. ఆ కంప్యూటర్ ఎప్పుడో పోయింది, నెగటివ్‌లు గుడివాడలో వాళ్లమ్మ దగ్గర ఉన్నాయో లేవో తెలియదు. వాళ్లు ఇల్లు మారారు, మూటలింకా విప్పలేదు.

పదకొండు రోజులు ఆ పేజీ తెరిచాను. మూడు తేదీలూ, ఏడు ఫొటోలూ. ప్రతి ఫొటో అడ్రసునీ విడివిడిగా కొట్టాను. అన్ని కంప్యూటర్లలోనూ చూశాను. ఎర్ర ఇంటూ గుర్తులే. ఎవరో ముక్కూ మొహం తెలియని ముసలాయన కోసం ఇంత తాపత్రయం దేనికని అన్నయ్య విసుక్కున్నాడు. నాకూ తెలియదు. ఆయన దొంగ అన్న మాట నాకు నచ్చలేదు, అంతే.

విచారణ ముందురోజు మధ్యాహ్నం రెండున్నరకి సీతారామయ్య గారు వచ్చారు. ఆ టైము నాకు బాగా గుర్తు, అప్పుడే నమాజు చేసుకొచ్చి కూర్చున్నాను. సెంటర్లో నేనూ, ఆయనా, ఓ మూల మెయిల్ చూసుకుంటున్న ఒక లాయరు గుమస్తా. కరెంటు ఉంది. బయట ఎండ పేలిపోతోంది. ఇందులో భయపడాల్సింది ఏదీ లేదు.

"ఇంక వదిలేయమ్మా, నీకు శ్రమ ఇచ్చా" అన్నారాయన. నేను ఊరికే, అలవాటుగా, పేజీ ఇంకోసారి రిఫ్రెష్ కొట్టాను.

ఆరో చదరం నిండటం మొదలైంది.

పాత కనెక్షన్లలో ఫొటో పైనుంచి గీత గీతగా దిగేది, మీకు గుర్తుండే ఉంటుంది. అలాగే దిగింది. ముందు ఒక గోడ. తర్వాత నడుమ పాపిడి తీసిన తల. తర్వాత ఒకావిడ మొహం. యాభై ఏళ్లుంటాయి, పెద్ద కుంకుమబొట్టు, నవ్వీ నవ్వనట్టు పెదాలు. తర్వాత చేతులు. ఎడమ చేత్తో బల్లకట్టు బొమ్మని ఒళ్లో ఒడిసి పట్టుకుని ఉంది, కుడిచేతిలో కుంచె. గెడ వేసే మనిషికి రంగు పడింది, సైకిల్‌కి పడింది. మేకకి ఇంకా పడలేదు, ఉత్త తెల్ల చెక్క.

నాకు ప్రాణం లేచొచ్చింది. "బాబాయి గారూ, బొమ్మ అదేనా?" అని అరిచాను. గుమస్తా కూడా లేచొచ్చి చూశాడు.

ఆయన బొమ్మని చూడటం లేదు. మానిటర్ మీద చెయ్యి పెట్టి నిలబడ్డారు. "మా ఆవిడమ్మా" అన్నారు. స్క్రీన్ దగ్గరికి వంగి, "ఫొటో తీయించుకుందా ఇది? నాతో ఒక్క మాటైనా చెప్పలా" అన్నారు.

ఆమె పోయి అప్పటికి ఐదేళ్లు. పేరు సుబ్బరత్నం. ఫొటో అంటే పడదట. పెళ్లి రోజుల్లో తీయించే స్తోమత లేదు, తర్వాత తీయిస్తానంటే ఒప్పుకోలేదు. ఓటరు కార్డుకి ఫొటో తీసే రోజు కూడా జ్వరమని ముసుగేసుకుని పడుకుందట. పోయినప్పుడు దండ వేయడానికి ఫొటో లేక, ఆమె కుంచెల డబ్బా పీట మీద పెట్టి దణ్ణం పెట్టుకున్నారు. ఇదంతా ఆయన స్క్రీన్ మీంచి కళ్లు తిప్పకుండా చెప్పారు. నేను ఏడ్చాను. చెప్పుకోవడానికి నాకేం సిగ్గు లేదు.

రెండు ప్రింట్లు తీశాను. కాగితం అడుగున పేజీ అడ్రసు పడింది. ఆ అడ్రసులోనే పేజీని ఎప్పుడు దాచారో ఆ తేదీ అంకెల్లో ఉంటుంది. ఫొటోని కంప్యూటర్లో కూడా దాచుకుందామని మౌస్ మీద చెయ్యి వేశాను. కరెంటు పోయింది. మా యూపీఎస్ సంగతి తెలిసిందే, రెండుసార్లు కీచుమని అదీ పోయింది.

ఇరవై నిమిషాలకి కరెంటొచ్చింది. పేజీ తెరిచాను. ఏడు చదరాలు, ఏడు ఇంటూ గుర్తులు.

వాళ్ల సర్వర్ ఏదో కాసేపు నిద్ర లేచుంటుందిలే అన్నాడు అన్నయ్య. నేనూ అదే అనుకున్నాను. ఇందులో వింతేమీ కనపడలేదు నాకు, అదృష్టం అనుకున్నాను.

మర్నాడు విచారణకి నేనూ వెళ్లాను. ఆ ప్రింటు ఎలా వచ్చిందో ఆఫీసరు గారికి వివరించాను. ఆయన తన కంప్యూటర్లో పేజీ తెరిపించారు. రాత వచ్చింది, ఫొటో రాలేదు. షోరూం తరఫు లాయరు నవ్వి, "కంప్యూటర్లో ఎవరి తలైనా ఎవరికైనా అతికించొచ్చు సార్" అన్నాడు. నాకు తిక్క రేగింది. "ఈమె మొహం నేను జన్మలో చూడలేదు, ఎక్కడినుంచి తెచ్చి అతికిస్తానండీ?" అన్నాను. ఆఫీసరు గారు నన్ను కూర్చోమన్నారు.

తర్వాత ప్రింటు సీతారామయ్య గారి ముందుకు జరిపి, "ఈ బొమ్మ మీదేనా?" అని అడిగారు.

ఆయన దానివంక చాలాసేపు చూశారు. "నాది కాదండి" అన్నారు.

లాయరు అప్పుడే కాగితాలు సర్దుకోబోయాడు.

"మా ఆవిడదండి. తన పుట్టిల్లు ఏటి అవతల. చిన్నప్పుడు బల్లకట్టు మీద దాటేవాళ్లంట. ఒకరోజు అతుకులకి కలిపిన చింతగింజల ముద్ద మిగిలితే దాంతో ఈ మనుషుల్ని చేసి, ఇట్టా చెక్కవయ్యా అంది. నేను చెక్కా. ఊహ తనది, రంగు తనది. మాలో బొమ్మ మగాడి పేరు మీదే పోద్దండి. అందరూ సీతారామయ్య బొమ్మ అన్నారు, నేను ఊరుకున్నా. తనూ ఊరుకుంది. ఇప్పుడు ఈ ఫొటో ముందు కూర్చుని నాదని ఎట్టా అననండి?"

ఆమె ఎప్పుడు పోయారని ఆఫీసరు గారు అడిగారు. పంచాయతీ వాళ్లిచ్చిన కాగితం ఆయన సంచిలోనే ఉంది. ఐదేళ్లు. షోరూం వాళ్ల కాగితానికి మూడేళ్లు. బతికున్న రోజుల్లో ఆమె చేతిలో ఆ బొమ్మ ఉంది, అదీ సగం రంగుతో. కొన్న బొమ్మ సగం రంగుతో ఉండదు కదా. లాయరు కాగితాలు మళ్లీ విప్పి వెతకడం మొదలెట్టాడు.

పది రోజులకి ఉత్తర్వు వచ్చింది. ఫిర్యాదు కొట్టేశారు. రూపకర్త అన్న చోట సుబ్బరత్నం అని రాశారు. సీతారామయ్య గారు ఆ కాగితం తెచ్చి నాకు చూపించి, ఆ పేరు నాతో మూడుసార్లు చదివించుకున్నారు.

ఇక్కడితో ఆగితే నేను ఇది రాసేదాన్నే కాదు.

ఆ వానాకాలంలో కిరణ్ వాళ్లమ్మని చూడటానికి వస్తే, ఇద్దరం కొండపల్లి వెళ్లాం. ముందు గదిలో ఆ ప్రింటుకి ఫ్రేము కట్టించి, దండ వేసి ఉంది. కిరణ్ దాన్ని చూసి "ఈవిడెవరండీ?" అన్నాడు. నువ్వు తీసిన ఫొటోనే కదయ్యా అని నవ్వాను. అతను నవ్వలేదు.

ఆవిడ ఫొటో తాను తీయలేదన్నాడు. తాను వచ్చిన రోజు కెమెరా చూడగానే ఆవిడ లోపలికి వెళ్లి తలుపేసుకుంది. బతిమాలినా రాలేదు. తలుపు సందులోంచి మంచినీళ్లు మాత్రం ఇచ్చింది. ఆరో ఫొటో, కిటికీ అంచు మీద పెట్టిన బొమ్మది. ఒట్టి బొమ్మ. ఫ్యాక్స్‌లో ఉత్తరం పంపాడేగానీ ఈ ప్రింటుని అతను అంతకుముందు చూడలేదు.

నేను ఒప్పుకోలేదు, మర్చిపోయి ఉంటావని దబాయించాను. అతనూ మొండివాడే. గుడివాడ వెళ్లి మూటలన్నీ విప్పించి, వారం తిరక్కుండా నెగటివ్‌లు పంపాడు. ఆ రీలులో ముప్పయ్యారు ఫొటోలు. సెంటర్లో ట్యూబులైటుకి ఎదురుగా పెట్టి ఒక్కొక్కటీ చూశాను. పేజీలో పెట్టిన ఏడూ ఉన్నాయి. బల్లకట్టు కిటికీ అంచు మీద ఉంది, ఒంటరిగా. ఫొటో వేయించి చూశాను, మేకకి గోధుమరంగు నిండుగా ఉంది. ముప్పయ్యారింటిలో ఎక్కడా ఆమె లేదు.

ప్రింటులో ఉన్నది ఆమే అనడంలో అనుమానం లేదు. ఆ వీధి ఆడవాళ్లందరూ చూసి చెప్పారు. ఆ మధ్యాహ్నం స్క్రీన్ మీద ఫొటో దిగడం ఆ గుమస్తా కూడా చూశాడు, తర్వాత అడిగితే అదే చెప్పాడు. నకళ్లు దాచే ఆ సైటు వాళ్లకి రెండుసార్లు రాశాను. ఆ పేజీ ఫొటోలేవీ తమ దగ్గర లేవని, ఎప్పుడూ లేవని జవాబిచ్చారు.

సీతారామయ్య గారికి ఈ సంగతి ఎలా చెప్పాలా అని నలిగిపోయాను. చెప్పాను. ఆయన ఆశ్చర్యపోలేదు. "మరి నాకు చెప్పకుండా తీయించుకోలేదన్నమాట" అన్నారు. ఆ మాట ఆయనకి ఎంత తేలికనిచ్చిందో మొహంలో కనిపించింది. నేను రుజువుల గురించి మథనపడుతుంటే ఆయన దిగులు ఇన్నాళ్లూ అదొక్కటేనని అప్పుడు తెలిసింది.

పుస్తకాల వాళ్లకి నేను ఇప్పటికీ చెబుతూనే ఉన్నాను. అడ్రసు ఒక్కటే ఇచ్చి ఊరుకోకండి, పేజీని ప్రింటు తీసి తేదీ వేసి దాచండి, అది ఎక్కడినుంచి వచ్చిందో రాసి పెట్టండి అని. నా చేత్తో తీసిన ఆ ఒక్క ప్రింటు ఎక్కడినుంచి వచ్చిందో మాత్రం నేను రాయలేను. ఇన్నేళ్లు ఆలోచించాను. నాకు తెలియదు.

ఒక్క సంగతి మాత్రం తర్వాత తట్టింది. ఆ నెగటివ్ ముందే దొరికి ఉన్నా, ఆ ఆరో ఫొటో మామూలుగా తెరుచుకుని ఉన్నా మేం గెలిచేవాళ్లమే. బొమ్మ సీతారామయ్య గారి పేరు మీదే ఉండిపోయేది.

సుబ్బరత్నం పిన్ని గారూ, మిమ్మల్ని నేనెప్పుడూ కలవలేదు. దయ్యాల మీద నాకు ఇప్పటికీ నమ్మకం లేదు, మీరు ఏమీ అనుకోకండి. కానీ ఊళ్లో అన్ని కంప్యూటర్లుండగా మీరు నా దగ్గరికే వచ్చారు. అందుకు మీకు చేతులెత్తి దణ్ణం పెడుతున్నాను.